ఊరికే ఎక్కినోడు

2003 నవంబరు 12

హైకోర్టు నుంచి కేసు మళ్ళా అనంతపురానికి వచ్చిందంట. లాయరు ఈశ్వరప్ప సారు నల్లమాడలో మా టైలరింగు షాపు పక్కన ఉండే ఎస్టీడీ బూతుకు ఫోన్ చేసి చెప్పినాడు. నాలుగేండ్ల కింద జరిగిందంతా మళ్ళా అడుగుతారంట. "వరుసగా గుర్తు చేసుకొని రాసి పెట్టుకో రామాంజినమ్మా, బోనులో తడబడగూడదు" అన్నాడు. సరే, రాస్తాండా. రాసేదానికి నాకేం.

తొంభై తొమ్మిది, మే నెల. చౌడమ్మ దేవర, ఆయమ్మ జాతర. పై ఊర్లో అయిదేండ్లకు ఒకసారి చేస్తారు. పెండ్లయి ఆరేండ్లకు గూడా నాకు బిడ్డలు లేకపోతే మా అత్త గంగక్క ఆయమ్మకు పొట్టేలు మొక్కుకునింది. చౌడేశ్వరి పుట్టింది. మొక్కు చెల్లించల్ల గదా. మా ఊరి ఎర్రప్పన్నకు టెంపో ఉన్నింది, టమోటా బాక్సులు, చెనక్కాయ మూటలు తోలేది. "పదండి, నేను దింపి వస్తా" అన్నాడు. ముందర ఆయప్ప పక్కన అత్త, అత్త ఒళ్ళో చౌడి. వెనక తొట్లో పొట్టేలును పట్టుకొని చౌడి నాయన. నేను ఆ మూడు దినాలు బయట ఉన్నా, దేవరకు పోగూడదు. ఇంట్లోనే ఉండిపోయినా.

మలుపులో ఎనుము అడ్డమొచ్చింది. ఎర్రప్పన్న తిప్పినాడు. టెంపో పక్కకు పడింది. చౌడి నాయన దాని కింద పడినాడు. పొట్టేలుకు గీత గూడా పడలేదు.

"అమ్మవారు తనది తాను కాపాడుకునింది" అనింది అత్త, మూడో దినం కూడు పెట్టేటప్పుడు. మరి నాది? అని అడగల్ల అనిపించింది. అడగలేదు.

నవంబరు 13

నిన్న కేసు సంగతి రాయడం మర్సిపోయినా.

అనంతపురం కోర్టు మాకు దుడ్లు ఇయ్యమని తీర్పు చెప్పింది. ఇన్సూరెన్సు కంపెనీ హైదరాబాదుకు అప్పీలు పోయింది. సరుకు బండిలో ఊరికే ఎక్కినోడు చస్తే మాకేం సంబంధం అని. ముందైతే ఎవురు ఎక్కినా కంపెనీ ఇయ్యల్లంట. తర్వాత ఢిల్లీ కోర్టు దాన్ని మార్చిందంట. ఇప్పుడు సరుకు గలోడు తన సరుకుతో పాటు పోతాంటేనే కంపెనీది పూచీ. మా ఆయన సరుకు గలోడా, ఊరికే ఎక్కినోడా, అది తేల్చమని హైకోర్టు ఈడికి పంపింది.

అప్పీలు నడుస్తాండంగనే సగం తీసుకోనిచ్చినారు. చౌడి భాగం బ్యాంకులో ఉండాది, పెద్దదయ్యేదాకా ఎవురూ ముట్టుకోగూడదు. నా భాగం మిద్దె కప్పుకు, అప్పులకు, కుట్టు మిషనుకు అయిపోయింది. ఓడిపోతే అదంతా వాపసు కట్టల్ల. యాడ నుంచి కడతా? జాకెట్లు కుట్టి కడతానా?

డిసెంబరు 3

అనంతపురం పోయొచ్చినా. ఎర్రప్పన్నను గూడా పిలిపించినాడు సారు. కొత్తచెరువు దాకా ఒకే బస్సు, అయినా ఆయప్ప వెనక నిలబడుకున్నాడు, సీటు ఉన్నా.

సారు చెప్పింది రెండే మాటలు. పొట్టేలును సంతకు తోలుకపోతాన్నారు అనేది ఒకటి. ఎర్రప్పకు బాడుగ ఇచ్చినాము అనేది ఒకటి. "ఈ రెండూ వచ్చినాయంటే మీ ఆయన సరుకు యజమాని. కంపెనీ నోరు మూసుకొని కడతాది. రాలేదో, ఉరుము ఉరిమి మంగలం మీద పడినట్ల, అంతా ఎర్రప్ప నెత్తిన పడతాది."

ఎర్రప్పన్న బల్ల కొసకు కూర్చొని ఉన్నాడు. "ఏటేటా కట్టినా గదా సార్ ఇన్సూరెన్సు? ఒక్క ఏడన్నా తప్పినానా?"

"నువ్వు కట్టింది సరుకు బండికప్పా. మనుషులకు గాదు."

"మనుషులు లేకుండా సరుకు యాడికి పోతాది సార్?"

సారు నవ్వినాడు. ఎర్రప్పన్న నవ్వలేదు.

బండిలో ఉండి బతికినోళ్ళు ఎర్రప్పన్న, అత్త. చౌడికి అప్పుడు ఏడాది గూడా నిండలేదు. ఎర్రప్పన్న చెప్తే తన కోసం చెప్తాండాడు అంటారు. అందుకని అత్త చెప్పింది కావల్ల. ముందుసారి ఆయమ్మను కోర్టుకు పిలవనే లేదు. ఈసారి ఆయమ్మ మాట మీదే అంతా.

డిసెంబరు 5

అత్తకు చెప్పినా. ఓడితే దుడ్లు వాపసు కట్టల్లంట, మిద్దె పోతాదంట, నువ్వు రెండు మాటలు చెప్తే చాలంట అని.

జొన్నలు చెరుగుతాన్నది నిలిపింది. "దేవర పొట్టేలును సంతకు తోలుకపోతాంటిమి అని నేను చెప్పల్లనా? నా నోటితో?"

"మాటే గదా అత్తా."

"బిడ్డనిచ్చిన తల్లి సొమ్మును నాది అంటే, ఆయమ్మ బిడ్డను నాది అంటాది" అనింది. మళ్ళా చెరుక్కునింది.

ఆ పొట్టేలు ఇంకా ఉండాది. దేవర మళ్ళా వచ్చేదాకా దాన్ని అమ్మగూడదు, కోయగూడదు, కట్టెయ్యగూడదు. ఊరంతా తిరుగుతాది, ఎవురి చేన్లో పడి మేసినా కొట్టరు. ముసిలిదయ్యింది, సగం పండ్లు లేవు, అయినా గర్వం తగ్గలేదు. నన్ను చూస్తే తల వంచి పొడిసేదానికి వస్తాది. నన్నే. ఇంకెవురినీ పొడవదు.

డిసెంబరు 9

మళ్ళా చెప్పినా.

డిసెంబరు 20

చెప్పినా. బలవంతమేం చేయలేదు. "రేపు చౌడికి బువ్వ నువ్వు పెడతావా, మీ చౌడమ్మ పెడతాదా" అని మాత్రం అడిగినా. అది బలవంతం గాదు. ఎవురైనా అడిగే మాటే.

2004 జనవరి 18

ఎర్రప్పన్న వచ్చినాడు. ఎప్పటి మాదిరే నేరుగా వంటింట్లోకి వచ్చి, కుండలో నీళ్ళు తానే ముంచుకొని తాగినాడు. చౌడిని భుజం మీద ఎక్కించుకొని పెరట్లో తిరిగినాడు. అత్త సంగటి ముద్ద పెట్టింది, తిన్నాడు. "ఏం పెద్దమ్మా, కండ్లు కనపడతాండాయా?" అన్నాడు. "కనపడతాండాయిలే" అనింది. పోయినాడు.

అత్తను ఆ రెండు మాటలు చెప్పమని అడిగేదానికే వచ్చినాడు. అడగలేకపోయినాడు. మంచితనం అంటే ఇట్లాంటిదే, యాదానికీ పనికిరాదు. నేనైతే అడిగేసిందాన్ని.

ఫిబ్రవరి 24

అయిపోయింది. జరిగింది జరిగినట్ల రాస్తా.

పొద్దున్నే బత్తలపల్లె కాడ బస్సు టైరు పంచరైతే దిగి టీ తాగినాము. అత్త తాగలేదు. "ఒక్క పొద్దు" అనింది. అప్పుడే నాకు తెలిసిపోయింది.

కోర్టులో ముందు నన్ను పిలిచినారు. భర్త పేరు చెప్పమన్నారు. ఓబులేష్ అని చెప్పినా. పెండ్లయినప్పటి నుంచి ఆ పేరు నోటితో పలికింది కోర్టులోనే, ఇది రెండోసారి. నేను బండిలో లేను గాబట్టి తొందరగా వదిలేసినారు. తర్వాత అత్త.

మా సారు అడిగినప్పుడు సరిగ్గానే చెప్పింది, ఎనుము అడ్డమొచ్చింది, బండి పడింది అని. పొట్టేలు సంగతి వచ్చేసరికి "అదేందో నాకు తెల్దు" అనింది. ఇట్లైతే గూడా గట్టెక్కుతాము అనుకున్నా. అప్పుడు కంపెనీ లాయరు లేచినాడు. చిన్న వయసోడు, నెమ్మదస్తుడు. గొంతు పెంచి ఒక్క మాట అనలేదు.

"ఆ రోజు బండిలో ఏం సరుకు ఉందమ్మా?"

"సరుకేం లేదు నాయనా. పొట్టేలు ఉన్నింది."

"ఎవరిది ఆ పొట్టేలు?"

అత్త నా తట్టు చూసింది. నేను తల దించుకోలేదు. చూస్తానే ఉన్నా.

"చౌడమ్మది."

"చౌడమ్మ ఎవరు? మీ ఊరామేనా?"

కోర్టులో ఒకరిద్దరు నవ్వినారు. అత్తకు కోపమొచ్చింది. "నీకు పెండ్లాం బిడ్డలు ఉండారా? వాళ్ళను సల్లగా చూసే తల్లిని ఎవురని అడుగుతావా?" జడ్జి మాత్రం నవ్వలేదు. దేవత పేరు అని టైపు చేసే ఆయనకు చెప్పినాడు.

"మీ అబ్బాయి కావాలనుకుంటే దాన్ని అమ్ముకోవచ్చు కదమ్మా?"

"చెవికి గాటు పెట్టి పసుపు గుడ్డ కట్టినాక అమ్మేదెట్ల? అది వాని సొమ్మా?"

"మరి ఎర్రప్పకు బాడుగ ఎంత ఇచ్చారు?"

"దేవరకు పోయే పొట్టేలుకు బాడుగ తీసుకుంటారా ఎవురైనా? నువ్వు యా ఊరోడివప్పా?"

"అంతే సార్" అని కూర్చున్నాడు.

వరండాలో ఈశ్వరప్ప సారు "ఎట్లాంటి సాక్షిని తెచ్చినావమ్మా!" అన్నాడు. ఎర్రప్పన్న దూరంగా నిలబడి బీడీ ముట్టించుకుంటాన్నాడు. పుల్ల ఆరిపోతానే ఉండాది, మళ్ళా గీస్తానే ఉండాడు.

వచ్చేటప్పుడు బస్సులో నేను అత్త పక్కన కూర్చోలేదు. నాకేం కోపం లేదు. సీటు లేక.

మార్చి 15

అత్తతో మాట్లాడి ఇరవై దినాలయింది. కోపమేం లేదు.

మే 11

దేవర అయింది. ఈసారి ఎవురి బండీ అడగలేదు, నడిచి పోయినాము. పొట్టేలు ముందు, అత్త వెనక, చౌడిని చేయి పట్టుకొని నేను. అత్త మొక్కు తీరింది, మొహం తేటగా ఉండాది. నేను ఎట్లుండానో నాకు తెల్దు. కూర తినలేదు.

సెప్టెంబరు 30

తీర్పు వచ్చింది. ఓడిపోయినాము అని చెప్పేదానికే పిలిచినాడేమో అనుకొని పోయినా. సారు కుర్చీ చూపించి కూర్చోమన్నాడు.

ఓబులేష్ ఊరికే ఎక్కినోడే అని తేల్చినారంట. కంపెనీది పూచీ గాదు, బండి యజమానిది. అయినా ఆడమనిషి, చిన్నబిడ్డ, వాళ్ళను తిప్పుకోగూడదని, కంపెనీ ముందు మాకు కట్టెయ్యల్లంట. తర్వాత ఎర్రప్ప దగ్గర రికవరీ చేసుకోవల్లంట. కంపెనీ ఒప్పుకునిందంట, ఇంక అప్పీలు లేదంట.

"అంటే మాకు వస్తాయా సార్?" అన్నా.

"వస్తాయి. మిగతా సగం గూడా. తీసుకున్నది వాపసు అక్కరలేదు."

చానా సంతోషమయింది. అబద్ధమేం గాదు, అయింది. రికవరీ అంటే ఏందో అడగలేదు. ధర్మవరం బస్సుకు టైమయింది.

అత్తకు చెప్తే "చూస్తివా, నిజం చెప్తే ఆయమ్మ చెయ్యి వదల్లేదు" అనింది. అవునన్నా. ఈ పొద్దు మళ్ళా మాట్లాడుకున్నాము.

2005 ఏప్రిల్ 2

దుడ్లు బ్యాంకులో పడినాయి. చౌడికి బూట్లు కొనిచ్చినా. అంతే, ఇంకేం కొనలేదు. చౌడి పదో తరగతి అయినాక యాడ చదివించల్లనో అదంతా దీంట్లోనే.

2006 ఆగస్టు 19

చానా దినాలయింది రాసి. లాయరుకు కావల్సింది ఎప్పుడో అయిపోయింది, అయినా రాస్తాండా.

ఎర్రప్పన్న టెంపోను కోర్టోళ్ళు తోలుకపోయినారు. పాత ఇనుము ధర వచ్చిందంట. అది చాలక చేను జప్తు. నాలుగెకరాలు. ఈ పొద్దు కోర్టు అమీనా వచ్చి తలుపుకు కాగితం అంటించి, టాంటాం కొట్టించి పోయినాడు.

కొళాయి కాడ ఎర్రప్పన్న పెండ్లాం బయమ్మ బిందె కింద పెట్టి, నన్ను చూసి గాదు, ఊరినంతా చూసి అరిచింది. "నా మొగుడు బాడుగ తీసుకోనుంటే బాగుండు గదరా! ముక్కు పిండి తీసుకోనుంటే ఈ పొద్దు మా చేను మాకుండు! పుణ్యానికి పోతే ఇంత పాపమా!"

నేను నీళ్ళు పట్టుకోకుండానే వచ్చేసినా.

ఆగస్టు 20

అత్త అడిగింది. "ఎర్రప్ప చేను నా మాటతో పోతాందా?"

అవునన్నా.

"నిజం చెప్తే ఇంకోని కొంప మునుగుతాదని నాకెవురూ చెప్పలేదే?"

"లాయరు చెప్పినాడు గదా అత్తా."

"నీకు చెప్పినాడు. నాకు నువ్వు మన మిద్దె సంగతి చెప్తివి, మన దుడ్ల సంగతి చెప్తివి. ఎర్రప్ప పేరు ఒక్కసారి ఎత్తినావా?"

ఎత్తినానో లేదో నాకు గుర్తు లేదు. ఎత్తే ఉంటా.

"తెలిసుంటే ఏం చేసేదానివి?" అని అడిగినా. "ఏమో" అనింది. కొడుకు చచ్చినప్పుడు గూడా అంత సన్నగా మాట్లాడలేదు. కొంగు నోట్లో పెట్టుకొని ఏడ్చింది. నేను మిషను తొక్కుతానే ఉన్నా. రేపటికి ఇయ్యాల్సిన జాకెట్లు ఉన్నాయి.

2007 జనవరి 27

వేలం. ఎవురూ రాలేదు. కోర్టు వేలంలో పక్కోని చేనుకు పాట పాడినోని ఇంట్లో నీళ్ళు గూడా తాగరు మా తట్టు. అమీనా స్కూలు కాడ చెట్టు కింద పొద్దు వంగేదాకా కూర్చొని వాయిదా వేసి పోయినాడు. ఇట్లే వాయిదాలు పడతా పోతే బాగుండు.

మార్చి 9

మళ్ళా వేలం. ఈసారి కొత్తచెరువు నుంచి తెల్ల జీపులో ఒకాయన వచ్చినాడు. ప్లాట్లు వేసి అమ్మేటోడంట. చేను గూడా చూడలేదు, రోడ్డుకు ఎంత దూరమని మాత్రం అడిగినాడు. ఆయనకు మా నీళ్ళతో పనిలేదు గదా.

మొదటి పాట ఆయనే పాడినాడు. అమీనా "ఒకటోసారి" అన్నాడు. ఊరోళ్ళంతా నేల చూస్తాండారు. ఎర్రప్పన్న స్కూలు గోడకు ఆనుకొని కూర్చొని ఉండాడు, అది ఎవురి చేనో తనకు తెలియనట్ల. "రెండోసారి."

నేను పాడినా.

పాడల్లని ముందే అనుకొని పోయినానా అంటే, బ్యాంకు పుస్తకం సంచిలో పెట్టుకొనే పోయినా. అది మాత్రం నిజం. జీపాయన పాడినాడు, నేను పాడినా. ఆయన మళ్ళా పాడినాడు, నేను మళ్ళా పాడినా. చివరకు నా తట్టు చూసి "ఈ రాళ్ళలో ఏముందమ్మా?" అని నవ్వి జీపెక్కినాడు.

బయమ్మ లేచి గుప్పెడు దుమ్మెత్తి నా మీద పోసింది. "మొగుని దుడ్లు చాల్లేదా, చేను గూడా కావల్సి వచ్చిందా?" అనింది. నేను దులుపుకోలేదు. ఏం చెప్తా? చెప్పినా వినేటోళ్ళు ఎవురుండారు?

మార్చి 10

లెక్క చూసుకుంటే నవ్వొస్తాంది. కంపెనీ నాకిచ్చింది. నేను కోర్టుకు కట్టినా. కోర్టు కంపెనీకి ఇచ్చింది. ఓబులేష్ చావుకు వచ్చింది వచ్చిన దారినే పోయింది. నా దగ్గర మిషను, మిద్దె కప్పు మిగిలినాయి. చౌడి భాగం బ్యాంకులో ఉండాది, అది ఉంటాది.

అత్తకు చెప్తే "మంచి పని చేసినావు" అనింది. నాకు ఆ మెప్పు వద్దు. నాకు భయమైతాంది. పదేండ్లకు ఏడేండ్లు కరువు వచ్చే ఊర్లో, ఉన్న దుడ్లన్నీ పోసి రాళ్ళ చేను కొన్నా. చౌడి రేపు అడిగితే ఏం చెప్తా?

మే 22

అనంతపురం పోయినా. "ఎర్రప్పన్న పేరు మీదికి మార్చెయ్యండి సార్" అన్నా.

ఈశ్వరప్ప సారు తల పట్టుకున్నాడు. "పిచ్చిదానివా? వేలంలో వచ్చింది కంపెనీ బాకీలో సగానికి గూడా రాలేదు. ఆయప్ప పేరు మీద సెంటు భూమి కనపడితే చాలు, మళ్ళా జప్తు చేస్తారు. నీ పేరు మీద ఉంటేనే అది నిలబడేది."

"ఎన్నాళ్ళు సార్?"

"నువ్వు ఉన్నన్నాళ్ళు అనుకో."

మే 23

ఎర్రప్పన్న ఇంటికి పోయినా. బయమ్మ లోపలికి పోయి తలుపు వేసుకునింది. వాకిట్లో నిలబడే చెప్పినా, పేరుకే నాది, చేను నీదేనన్నా, ఎప్పటి మాదిరి చేసుకో అని. ఆయప్ప పగ్గం పేనుతాన్నాడు. తల ఎత్తలేదు. "సరేమ్మా" అన్నాడు. అంతే. తిట్టుంటే బాగుండు.

జులై 6

నిన్న సాయంత్రం వాన పడింది. మంచి పదును. పొద్దున్నే ఊరంతా విత్తే గొర్రులు సర్దుకుంటాండారు, విత్తనాలు తీస్తాండారు. పొయ్యి ముట్టిస్తాంటే వాకిట్లో ఎవురో నిలబడినట్లయింది. చూస్తే ఎర్రప్పన్న.

లోపలికి రమ్మన్నా. రాలేదు. నీళ్ళు తాగన్నా అంటే, వద్దన్నాడు. తలకు చుట్టుకున్న టవలు విప్పి చేతిలో పట్టుకున్నాడు. ఆయప్ప నెత్తి అంత నెరిసిపోయిందని ఈ పొద్దే చూసినా.

"పదునయింది. ఏం ఇత్తమంటావమ్మా?" అన్నాడు.

నాకు అర్థం కాలేదు. "ఏందన్నా?"

"చేన్లో. చెనక్కాయ ఇత్తమంటావా, కందులా?"

"నన్నడుగుతావేందన్నా? ముప్పై ఏండ్లుగా నువ్వు చేసే చేను. నీ ఇష్టం."

"నీ చేను గదమ్మా. నువ్వు చెప్పల్ల."

ఎగతాళి గాదు. కోపం గూడా కాదు. చేను గలోని కాడికి పోయి కౌలుదారుడు ఎట్ల అడుగుతాడో అట్లే అడిగినాడు. నా మొగున్ని బాడుగ లేకుండా ఎక్కించుకున్న మనిషి. నా బిడ్డను భుజాన వేసుకొని తిరిగిన మనిషి. నాకు సిగ్గుతో ఒళ్ళు కాలిపోయింది. చౌడి నాయన శవం ఇంటికొచ్చిన పొద్దు గూడా ఊరోళ్ళ ముందర నేను గట్టిగానే నిలబడినా. ఈ పొద్దు తలుపు పట్టుకొని ఏడ్చినా, వినపడేటట్లే ఏడ్చినా. లోపల నుంచి అత్త వచ్చి చూసి, మళ్ళా లోపలికే పోయింది.

ఆయప్ప ఆడనే నిలబడి ఉండాడు. ఊరోళ్ళ గొర్రులు ఒకటొకటిగా దాటిపోతాండాయి. ఎండెక్కితే పదును ఆరిపోతాది.

చెనక్కాయే ఇత్తమన్నా. చెప్పకపోతే ఆయప్ప ఆడ నుంచి కదిలేటట్ల లేడు.